తుమ్ముల మావయ్య నటజీవితం

మా మేనమామ సినిమా నటుడు. నటన సంగతి తరవాత, ముందు ఆయన తుమ్ము గురించి చెప్పాలి. నలుపు తెలుపు సినిమాల రోజుల్లో అరవై రెండు చిత్రాల్లో వేశాడు. ఒక్కటి తప్ప అన్నిట్లోనూ, కెమెరా తిరుగుతుండగా తుమ్మి టేకు పాడుచేశాడు. స్టూడియోలో కాపలావాడి దగ్గర్నుంచి కథానాయకుడి దాకా అందరికీ ఆయన తుమ్ముల మావయ్యే. అసలు పేరు తెరమీద పడేది గానీ, అంత చిన్న అక్షరాలు చదివే ఓపిక ఎవరికుంటుంది?

అది మామూలు తుమ్మా! ముందు ముక్కుపుటాలు లేచేవి. తల వెనక్కి పోయేది. ఆ తరవాత సెట్టు మీది అట్టగోడలు అదిరేవి. ఓసారి కోర్టు సీన్లో తుమ్మితే జడ్జిగారి పెట్టుడు మీసం ఊడి తీర్పు కాగితాల మీద పడింది. ఇంకోసారి, శవంగా పడుకున్నాయన ఉలిక్కిపడి లేచి కూర్చున్నాడు.

"ఏమయ్యా, ఆ ముక్కుకి తాళం వేయించుకోరాదూ?" అని దర్శకుడు తల బాదుకునేవాడు.

"క్షమించాలండీ, దుమ్ము," అనేవాడు మావయ్య. సెట్టు కడిగించినా దుమ్మే, వానలో తీసినా దుమ్మే.

అందుకే ఆయనకి పోస్టుమాను, డాక్టరు, రైల్లో ఎదుటి సీటు మనిషి లాంటి వేషాలే దక్కేవి. "ఉత్తరం వచ్చిందండీ" అన్న ఒక్క మాటనే పదకొండు సినిమాల్లో చెప్పాడు.

చదువయ్యాక నాకు అదే స్టూడియోలో సౌండు రికార్డు చేసే ఉద్యోగమొచ్చింది. టేకు ఎవరివల్ల పోయిందో పట్టీలో రాయడం కూడా నా పనే. దర్శకుడికి ఓ నియమం ఉంది. ఒకే షాటులో మూడుసార్లు మాట తప్పినవాళ్ళ వేషం ఇంకొకరికి పోతుంది. తుమ్మితే మాత్రం తిట్టి ఊరుకునేవాడు, అది జబ్బు కిందికి వస్తుందట.

ఒకరోజు మావయ్య ఇంటికెళ్తే అత్తయ్య ఎండుమిరపకాయలు వేయిస్తోంది. ఆ ఘాటుకి నేను తుమ్మి తుమ్మి కళ్ళనీళ్ళు పెట్టుకున్నాను. పక్కింటివాళ్ళు కిటికీలు మూసేసుకున్నారు. మావయ్య తాపీగా పేపరు చదువుకుంటున్నాడు.

"అదేంటత్తా, మావయ్యకి తుమ్ము రాదేం?"

"పెళ్ళయి ఇరవయ్యేళ్ళురా. ఇంట్లో ఒక్కసారి తుమ్మితే ఒట్టు!"

మర్నాటి నుంచీ హెడ్‌ఫోన్లు పెట్టుకుని చెవులు రిక్కించాను. తుమ్ముకి ముందు ప్రతిసారీ ఎదుటి నటుడు మాట మరిచిపోయి గుటక మింగిన చప్పుడు! మరుక్షణం తుమ్ము. ఆ గోలలో ఎదుటివాడు మాట గుర్తుచేసుకునేవాడు, పట్టీలో మావయ్య పేరు పడేది. ఓరి మావయ్యా, ఇంత నటనా నీది! నేను మాత్రం ఎవరితోనూ అనలేదు.

ఇంతలో ఎవరి పుణ్యమో, మావయ్యకి కథానాయకుడి అన్న వేషమొచ్చింది. ఏకంగా నాలుగు పేజీల మాటలు! అత్తయ్య ఆయన చొక్కా రెండుసార్లు ఇస్త్రీ చేసింది.

"ఒక్క తుమ్ము వినబడిందా, ఈ వేషం ఇంకొకరికి," అని దర్శకుడు అందరి ముందూ చెప్పేశాడు.

ఆ సీన్లో తల్లిగా వేసే పెద్దావిడకి మతిమరుపు మొదలైంది. మొదటి టేకులో మాట తప్పింది. రెండో టేకులోనూ తప్పింది. రెండుసార్లూ మావయ్య పళ్ళబిగువున ఆపుకున్నాడు. ఇంకొక్కసారి తప్పితే ఆవిడ ఇంటికే. ఆ వయసులో మళ్ళీ పిలిచేవాళ్ళు లేరు. 

మూడో టేకు మొదలైంది. "నాయనా..." అని ఆవిడ ఆగిపోయింది. నా చెవుల్లో గుటక చప్పుడు. మావయ్యవైపు చూశాను. ముక్కుపుటాలు లేచాయి. తల వెనక్కి పోతోంది. ఇన్నేళ్ళకి దొరికిన వేషం!

"హాఛ్!"

తుమ్మింది నేను.

"ఎవడయ్యా అది?"

"నేనేనండీ. దుమ్ము."

"మేనమామ పోలికలు వచ్చి చచ్చాయి!" అని దర్శకుడు కళ్ళెర్రజేశాడు. పట్టీలో నా పేరు నేనే రాసుకున్నాను. తరవాతి టేకులో పెద్దావిడ తడుముకోకుండా చెప్పేసింది. మావయ్య తుమ్మకుండా నాలుగు పేజీలూ పూర్తిచేశాడు.

భోజనాల వేళ మావయ్య నన్ను మేకప్ గది వెనక్కి లాక్కెళ్ళాడు.

"నీకెప్పుడు తెలిసిందిరా?"

"మిరపకాయల రోజు."

నా భుజం మీద చెయ్యివేశాడు. నాకు ఆయన్ని వాటేసుకోవాలనిపించింది.

"ఒక్క మాటరా అల్లుడూ," అన్నాడు. "నీ తుమ్ము ఏం బాగాలేదు. ముందు ముక్కుపుటాలు లేవాలి, తల వెనక్కి పోవాలి. ఊరికే హాఛ్ అంటే ఎవరు నమ్ముతారు? ఏదీ, మళ్ళీ తుమ్ము."

అన్నం చల్లారిపోయేదాకా తుమ్మించాడు.