పిట్టగోడ మీద ముద్ద

మా మేడ మీద గది అద్దెకు తీసుకున్న ఆమె కాకుల మీద డాక్యుమెంటరీ తీస్తుందని తెలిసినప్పుడు నాకు నవ్వు ఆగలేదు. పెళ్లి వీడియోలు తీసేవాణ్ణి, కెమెరా సంగతి నాకూ తెలుసు. తిరుపతిలో కాకిని చూడనివాడెవడు? నాయన ఆ మాటే ఆమెను అడిగేశాడు.

"రోజూ సూస్తాండాం అనుకుంటాం సార్. యాడ సూసినాం?" అందామె. పాకాల మనిషి.

మూడు వారాలు అదే వెలిసిపోయిన ఆకుపచ్చ చొక్కా వేసుకుని, పక్కింటి వేపచెట్టులోని కాకిగూటి వైపు లెన్సు పెట్టి కూర్చుంది. కాకులు మనుషుల్ని గుర్తుపెట్టుకుంటాయట, చొక్కా మారితే మళ్లీ మొదటికొస్తుందట. వాటికి ఒక్క మెతుకు వేయదు. "పెట్టి పిలిస్తే అది నటిస్తాది" అనేది. ఆమెకు కావలసింది ఒకే ఒక్క షాటు. ఆ గూట్లో పెరిగిన కోయిల పిల్లకు కాకి నోట్లో తిండి పెట్టడం. పెట్టినప్పుడల్లా ఆకులు అడ్డం వచ్చేవి. అయినా విసుక్కోదు. అంత ఓపిక నేను ఒక్క పెళ్లిలోనూ చూపలేదు. నవ్వడం మానేశాను.

అంతలో తాత తద్దినం వచ్చింది. నాయన పొద్దుటి నుంచి ఉపవాసం, పైగా షుగరు. విస్తరిలో ముద్ద మేడ పిట్టగోడ మీద పెట్టి కాకుల్ని పిలిచాడు. అవి కరెంటు తీగ మీదే కూర్చున్నాయి. గంట దాటినా ఒక్కటీ దిగలేదు.

నాయన తాతకు కన్నకొడుకు కాదు, పెంచుకున్న కొడుకు. ఆ సంగతి ఇంట్లో అందరికీ తెలుసు, ఎవరూ ఎత్తరు. ఆ రోజు మాత్రం వెనక నుంచి మా అత్త ఒకామె "ఎంతైనా కన్నబిడ్డ కాదు గదా" అని గొణిగింది. నాయన విన్నాడు. "ఏం తక్కువ చేసినాను నాయనా" అని చేతులు జోడించాడు. నాకు ఆ అత్తను మెట్ల మీంచి తోసేయాలనిపించింది.

అద్దెకున్న ఆమె తన గదిలోంచి వచ్చి ముందు కెమెరా వైపు చూసింది. "దీన్ని ఈడికి తిప్పింది ఎవురు?"

నేనే. కాకి ముద్ద ముట్టడం తీసి ఆమె మెప్పు పొందుదామని లెన్సు అటు తిప్పాను.

"అంత పెద్ద కన్ను అన్నం మీద పెడితే ఎట్ల దిగుతాది? తప్పు మీది కాదు సార్, ఈ కెమెరాది" అంది నాయనతో. కెమెరా విప్పి సంచిలో పెట్టేసింది. అందర్నీ మెట్ల తలుపు వెనక్కి తీసుకుపోయింది.

కాకి దిగింది. ముద్దలోంచి కొంచెం నోట కరుచుకుంది. వెనకే కోయిల పిల్ల తడబడుతూ వచ్చి ఎర్రటి నోరు తెరిచింది. పిట్టగోడ మీద, ఒక్క ఆకూ అడ్డం లేకుండా, కాకి దాని నోట్లో పెట్టింది. నేను సంచి వైపు చూశాను. ఆమె చూడలేదు. కెమెరా పట్టినవాడిగా చెబుతున్నాను, అది నా వల్ల అయ్యేది కాదు.

"అది దాని పిల్లేనా అమ్మా?" అడిగాడు నాయన.

"కాదు సార్, కోయిల పిల్ల. కాకికి తెలీదు. తన బిడ్డే అనుకోని సాకతాది."



"మా నాయనకు తెలుసమ్మా" అన్నాడు నాయన. "తెలిసే సాకినాడు."