వేలు లేచేదాకా

డోలు వాయించేటప్పుడు తిరుపతి తన చేతుల వంక చూడడు. పురోహితుడి వేలి వంక చూస్తాడు. ఆ వేలు లేవగానే గట్టిమేళం పడాలి. జీలకర్ర, బెల్లం పెట్టే వేళ వధూవరుల చెవిన తుమ్ము కూడా పడకూడదు. ముప్పై ఏళ్లలో ఆయన ఒక్కసారీ తప్పలేదు. చందానగర్ ఫంక్షన్ హాళ్లలో ఆ మాట ఆయన చెప్పుకోనక్కరలేదు, పురోహితులే చెబుతారు.

రసజ్ఞ హైటెక్ సిటీలో ఉద్యోగి. తిరుపతి రోజువారీ జీవితం మీద షార్ట్ ఫిల్మ్ తీస్తోంది. డోలు వార్లు బిగించడం, వేళ్లకు తొడుగులు వేసుకోవడం, స్కూటర్ మీద డోలు కట్టుకోవడం అన్నీ తీసింది. ఒక్కటే మిగిలింది.

"ఈ పెళ్లిలోనైనా ఒక్కసారి కెమెరాలోకి చూడండి బాబాయ్‌గారూ. మూడు రోజులైంది, మీ కళ్లే దొరకలేదు."

"నిన్ను చూస్తే అయ్యగారి వేలు ఎవరు చూడాలె బిడ్డా? మీ ఆఫీసోళ్లా?"

సన్నాయి ఊదే రామన్న నవ్వాడు. "ఇంట్ల వదిన గూడ గిదే అంటదమ్మా. నా మొఖం ఎన్నడు చూసిండని!"

"నువ్వు సన్నాయి ఊదు, ముచ్చట్లు కాదు" అన్నాడు తిరుపతి.

ముహూర్తం దగ్గరపడింది. పెళ్లివారి ఫొటోగ్రాఫర్లు నలుగురు మండపం ముందు గోడ కట్టినట్టు నిలబడ్డారు. తిరుపతికి పురోహితుడి వేలు కనబడలేదు. "జర జరగుండ్రి!" అన్నాడు. ఎవరూ కదలలేదు. పురోహితుడు కొత్తవాడు, మంత్రం ఎక్కడ ఆపుతాడో తెలియదు.

పక్కన కుర్చీ ఎక్కి నిలబడ్డ రసజ్ఞకు మండపం కనబడుతోంది. తిరుపతి తలెత్తి నేరుగా ఆమెను చూశాడు.

"బిడ్డా, వేలు చూడు!"

కెమెరా ఆయన ముఖం మీదే ఉంది. ఆమె దాన్ని దించేసి మండపం వైపు తిరిగింది. పురోహితుడి వేలు లేవగానే ఆమె రెండో చెయ్యి గాల్లోకి లేచింది. గట్టిమేళం మోగింది.

ఆదివారం ప్రగతి నగర్‌లో ఆయన ఇంటికొచ్చి ఫోన్లో సినిమా చూపించింది. ఆఖర్న హాలు తివాచీ, ఎవరివో చెప్పులు, వాటి మీద మంత్రం, డోలు చప్పుడు.

"మీరు చూసినప్పుడే కెమెరా దించేశానండి. మీ కళ్లు రాలేదు."

"రాకపోతే ఏంది? మళ్ల పెట్టు."

ఈసారి తిరుపతి కళ్లు మూసుకున్నాడు. ఫోన్లో మంత్రం ఆగింది. ఆగిన చోటే, సందు లేకుండా, డోలు అందుకుంది.

"సరింగ పడ్డది" అన్నాడు. "గిదే ఉంచు."