కాస్మోనాట్స్ సముద్రంలో నా మునక

ఆ రోజుల్లో నంద్యాలలో పాఠం చెప్పేవాడు చచ్చినా అనకూడని మాట ఒకటుండేది: తెలీదు. సందుకో కోచింగ్ సెంటరు, సెంటరుకో వందమంది నిరుద్యోగులు. ఆళ్లగడ్డ నుంచి పొద్దున్నే బస్సెక్కి వెళ్లి నేనూ ఒకదాంట్లో భూగోళం చెప్పేవాణ్ణి. (నేనూ నిరుద్యోగినే. వాళ్లకు పాఠం చెబుతూ అదే పరీక్షకు చదువుకునేవాణ్ణి.)

ఒకరోజు బోర్డు మీద అంటార్కిటికా గీసి, చుట్టూ సముద్రాల పేర్లు రాస్తున్నాను. కాస్మోనాట్స్ సముద్రం అని రాశానో లేదో, వెలుగోడు నుంచి వచ్చి నాలుగోసారి పరీక్షకు కూర్చుంటున్న, అందరూ వెలుగోడన్న అని పిలిచే ఆయన లేచాడు. "సార్, ఆడ మనిషనేవాడే ల్యాడు గదా. ఆ పేరు ఎవురు పెట్నారు, ఎందుకు పెట్నారు?" నాకు తెలీదు. వెనక బెంచీలో సెంటరు యజమాని కూర్చున్నాడు, నన్ను ఉంచాలో పంపాలో తేల్చుకోవడానికి. ఇక చేసేదేముంది, అంతరిక్షం నుంచి తిరిగొస్తున్న ఇద్దరు రష్యా వ్యోమగాములు గురి తప్పి ఆ మంచునీళ్లలో పడ్డారనీ, మూడు రోజులు తేలుతూ బతికారనీ, ఆ పేరు అందుకే వచ్చిందనీ అల్లేశాను. మూడు రోజులూ ఏం తిన్నారని ఎవరో అడిగితే బిస్కెట్లన్నాను. క్లాసంతా రాసుకుంది. యజమాని తలూపి వెళ్లిపోయాడు. నా కొలువు నిలిచింది.

కథ అక్కడితో ఆగితే బాగుండేది. వెలుగోడన్న నోట్సు జిరాక్సు షాపుకెక్కింది, ఆ తర్వాత టైపయి, స్పైరల్ బైండింగుతో ఊరంతా తిరిగింది. ఏడాది పోయాక నేను కొనుక్కున్న మెటీరియల్లోనే ఆ కథ బిస్కెట్లతో సహా కనబడింది. నవ్వుకోవాలి కదా, నవ్వు రాలేదు. అచ్చులో చూసేసరికి, ఏమో, నిజంగానే ఎక్కడో చదివి చెప్పానేమో అనిపించింది. (ఫోన్లో వెతికితే తేలిపోయేది. తేలిపోతుందనే వెతకలేదు.)

ఎలాగో రాత పరీక్ష గట్టెక్కి ఇంటర్వ్యూకి వెళ్లాను. కొడుక్కి సర్కారు ఉద్యోగం వచ్చినట్టేనని అమ్మ అప్పటికే వీధంతా చెప్పేసింది. ప్రశ్నలడిగే పెద్దావిడ, ధ్రువాల దగ్గరి సముద్రాల్లో నీకు బాగా తెలిసినదేదో చెప్పమంది. నా నోరు నన్నడక్కుండానే బిస్కెట్ల దాకా వెళ్లిపోయింది. ఆవిడ కళ్లజోడు తీసింది.

"వాళ్లు దిగింది నేల మీద నాయనా. తొలి వ్యోమగాముల గౌరవార్థం పెట్టిన పేరది. ఈ కథ ఎవరు చెప్పారు నీకు?"

"నంద్యాలలో ఒక సార్ చెప్పినాడు, మేడం," అన్నాను.

ఉద్యోగం రాలేదు. ఇంటికి పోయి అమ్మకు ఏం చెప్పాలో తెలియక బస్సులో ఆళ్లగడ్డ దాకా ఏడ్చాను. తర్వాత ఆ సారును నోరారా తిట్టుకుందామని ఎన్నోసార్లు అనుకున్నాను. మనసు రాదు. ఇరవై మూడేళ్ల పిల్లాడు, ఉన్నదొక్కటే ఇస్త్రీ చొక్కా. పాపం, ఆ రోజు ఎంత బాగా చెప్పాడని!