గోడకు పెట్టిన బెల్లం

ప్రియమైన సహోదరులారా, అమ్మలారా, ప్రభువు పేరిట మీ అందరికి వందనాలు. నన్ను పెద్దమందడి యాకోబు మేస్త్రి అంటరు. చేతికి తాపీ ఇస్తే పని చేస్త గని మైకు పట్టుడు నాకు రాదు, అయినా ఇయ్యాల మన గుడి పండుగనాడు చెప్పకుంటే ఈ గోడలే నన్ను నిలదీస్తయి! ఉత్తరం కిటికీ పక్కన ఆనుకొని కూసున్న అమ్మలు జర వెనక్కి తిరిగి ఆ గోడ చూడుండ్రి. నా పాపం బయటపడ్డది ఆ గోడ కాడనే, నాకు విడుదల దొరికింది కూడా ఆ గోడ కాడనే, దేవునికే మహిమ!

అప్పట్ల నేను మనిషిని కాదు. పొద్దున లేస్తే గుడుంబ సారా గొంతుల పడందే తాపీ పట్టలేకపోతుంటి, చేతులు గజగజ వణికేటియి, నేను గుమ్మంల అడుగుపెడితే నా ఇద్దరు పిల్లలు తల్లి కొంగుల దాక్కునేటోళ్లు. నా భార్య రూతమ్మ గట్టిగ మాట్లాడే మనిషి కాదు, అసొంటిది ఒకనాడు నా ముందల నిలబడి, "ఈ గుడి పనన్న సక్కగ చెయ్యి, లేకుంటే దసరా దాటినంక బొంబాయికి కూలికి పోయే గుంపుల పిల్లల్ని తీస్కొని నేను పోత, ఇగ నాతోని కాదు" అన్నది. గుడి పని అంటే ఇదే, చెమ్మకు ఉబ్బిన ఈ ఉత్తరం గోడ పూత తీసి మల్ల పూసుడు.

ఈ గుడి సంగతి తెల్వని పిల్లలు చానమంది ఉన్నరు, ఇనుండ్రి. మన ముసలోళ్ల కాలంల కరువొచ్చినప్పుడు మిషనరీ దొరగారు కూలి చూపెట్టి కట్టించిన గుడి ఇది. అప్పుడు చుట్టూ చేన్లే, బజారు తర్వాత వచ్చి గుడిని చుట్టుకున్నది, ఇప్పుడు ఒక దిక్కు బట్టల దుకాణాలు, ఇంకో దిక్కు బస్సుల హారన్లు, మన గంట మోగందే ముందల కూరగాయలమ్మే సాయెబు సద్ది విప్పడు! గుట్ట మీదికెళ్లి రాయి బండ్ల మీద వచ్చింది, గోడ రెండు మూరల మందం, కిటికీల మీది కమాన్లల్ల ఇనుప ముక్క లేదు, రాయికి రాయి ఆనుకొనే నిలబడ్డయి, పైన టేకు దూలాలు, బెంగుళూరు పెంకలు. మండుటెండల లోపలికొస్తే కుండల నీళ్ల లెక్క సల్లగుంటదంటే ఆ పాత సున్నం మహిమే. సున్నం, ఇసుక గానుగల వేసి ఎడ్లతోని తిప్పి, కరక్కాయలు, బెల్లం నానిన నీళ్లు పోసి మెత్తగ రుబ్బి పూసిండ్రు, ఆ నీళ్లు కలిపి రుబ్బించింది కూలికొచ్చిన మన ఆడోళ్లే.

పాస్టరయ్య, సంఘం పెద్దలు పాత పద్ధతిలనే చెయ్యాలని సున్నం తెప్పించి, కరక్కాయలు తెప్పించి, గంపెడు బెల్లం నా ముందల పెట్టిండ్రు. సహోదరులారా, ఆ బెల్లాన్ని నేనేం చేసిన్నో తెలుసా? గుడుంబ కాసేది బెల్లంతోనే గద, ఆ కాసే ఇంటికి మోసిన! దేవుని గోడకు పోవాల్సిన బెల్లం ఇచ్చి తాగొచ్చి, ఉత్త నీళ్లతోని సున్నం కలిపి పూసిన, పూసినంక నీళ్లు కొట్టుడు కూడా ఎగ్గొట్టిన, పైన నున్నగ రుద్ది "అయిపోయింది అయ్యగారు" అన్న. పైన పటారం లోన లొటారం. చూసేటోళ్లకు తెల్లగ కనబడ్డది, అందరు మెచ్చుకున్నరు.

వానలు మొదలైనయి. ఒక ఆదివారం ఆరాధన నడుస్తుండంగ బారెడు పూత పెళ్లగిలి ఆడోళ్ల దిక్కు పడ్డది, రూతమ్మకు, ఆమె ఒళ్లో ఉన్న నా చిన్నబిడ్డకు జానెడు దూరంల! ఎవ్వరికీ దెబ్బ తగలలే, దేవుడు కాపాడిండు. ఆరాధన అయినంక పెద్దలు కూడిండ్రు, ముసలి గుడి, పడగొట్టి స్లాబు వేద్దామన్నరు కొందరు. మేస్త్రీ, నువ్వేమంటవని నన్ను అడిగిండ్రు. అందరు నా మొకమే చూస్తున్నరు, "గోడ లోపల పుచ్చిపోయిందయ్యా" అన్న. నా తప్పు తీసి గుడి నెత్తిన పెట్టిన! వచ్చే ఆదివారం తేలుద్దామని లేచిండ్రు.

అప్పుడు శాంతవ్వ కట్టె పట్టుకొని గుడి వెనక నేనున్న కాడికి వచ్చింది. కొత్త కోడలుగ ఉన్నప్పుడు ఈ గుడికి సున్నం రుబ్బినోళ్లల్ల అప్పటికి మిగిలింది ఆమె ఒక్కతే. నేను మిగిలించిన సున్నం తొట్టిల నీళ్ల కింద ఇంక పచ్చిగనే ఉండె. ఆమె వంగి వేలు ముంచి నాలిక కొసకు తాకిచ్చుకున్నది, ఆ కాలంల వాళ్లు అట్లనే చూసేటోళ్లట. నా దిక్కు చూసి, "బిడ్డా, ఇది చప్పగున్నది" అన్నది.

అవ్వ ఆ తొట్టి దిక్కు చూపెట్టి, "కరువుల మా కడుపులు మాడుతుండంగ బెల్లం కుండలు మా ముందల్నే ఉండె, ఒక్కతి కూడా ఒక్క ముక్క నోట్లె వేసుకోలే, గోడకే పెట్టినం. గిట్ల నాలికకు తాకిన తీపే మాకు పండుగ. నేను ఎవ్వరికీ చెప్ప. చెప్పాల్సింది నీ నోరు" అని పోయింది. నన్ను తిట్టినా, చెప్పుతోని కొట్టినా ఆ రోజు పోయి తాగుతుంటి, కొట్టలే కాబట్టి ఎటు పోవాల్నో నాకు తెల్వలే.

వారమంత నిద్ర లేదు. శనివారం మధ్యాహ్నం ఖాళీ గుడిలకొచ్చి ఆ గోడ కింద సాగిలపడ్డ. "ప్రభువా, ఆ తల్లులు ఆకలి ఆపుకున్నరు, నేను ఈ తాగుడు ఆపుకోలేకపోతున్న. నా చేతుల వణుకు నాతోని ఆగదు, నువ్వే పట్టుకో తండ్రీ, రేపు నా నోరు మూసుకోనియ్యకు!" అని ఏడ్చిన. తెల్లారి సంఘం ముందల నిలబడి, "గోడ పుచ్చిపోలే, నేనే పుచ్చిపోయిన" అని బెల్లం సంగతి అంత చెప్పేసిన. పక్కన ఉన్న పాత పూతను ఉలితోని కొట్టి చూడుండ్రన్న. ఒక పెద్దాయన కొట్టిండు, ఉలి ఎగిరొచ్చింది గని పూత మీద గీతే పడ్డది! వీన్ని వెళ్లగొట్టాలని కొందరన్నరు, అది న్యాయమే. రూతమ్మ తల ఎత్తలే. శాంతవ్వ లేచి, "మల్ల వీడే పూయాలె, బెల్లం నా ముందల కలపాలె" అన్నది. పాస్టరయ్య సరేనన్నడు.

ఒక్క ప్రార్థనతోని నా తాగుడు పోయిందని నేను చెప్ప. జ్వరం, వాంతులు, చెమటలు, ఎన్నిసార్లు పారిపోదామనుకున్ననో! అవ్వ తొట్టి కాడ గోనెపట్ట మీద కూసొని, నా చేతులు వణికినప్పుడల్లా బెల్లం ముక్క నోట్లె పెట్టి, "నాలిక అడిగినప్పుడల్లా ఇది పెట్టు, ప్రభువును పిలువు" అనేది. సున్నం పూత తొందరపడితే పగులుతది, మూడు వారాలు పొద్దుమాపు తడపాలె. దేవుడు నన్ను కూడా అట్లనే నిదానంగ గట్టిపరిచిండు.

దసరా పోయింది. బొంబాయి లారీ ఎక్కేటోళ్లు గుడి ముందల మూటలు పెట్టుకొని ఒకరినొకరు పిలుచుకుంటున్నరు, నేను లోపల గోడకు కట్టిన పరంజి కర్రల మీద ఉన్న, రూతమ్మ వాళ్లల్ల ఉంటదేమోనని తిరిగి చూసే ధైర్యం లేదు. లారీ కదిలిన సప్పుడు వినబడ్డది. అంతల కింద నుంచి ఎవరో కడవ ఎత్తి పట్టిండ్రు. రూతమ్మ! "నీళ్లు అందుకో, గోడ ఆరిపోతున్నది" అన్నది. అంతే అన్నది, నా కండ్లకెళ్లి నీళ్లు ఆగలే.

శాంతవ్వ ప్రభువు దగ్గరికి పోయింది. గోడ ఎన్నో వానలు చూసింది, మల్ల పెచ్చు రాలలే, నా గొంతుల చుక్క దిగలే, స్తోత్రం! మన దేవుడు పాత గోడను పడగొట్టేటోడు కాదు, రాలిందాన్ని గీకి తీసి మల్ల పూసేటోడు, ఆయన్ని నమ్ముండ్రి. ఇదిగో, ఈ జేబుల ఇయ్యాల్టికీ బెల్లం ముక్క ఉంటది. మీల ఎవరికన్న చేతులు వణుకుతుంటే ఆరాధన అయినంక గుడి వెనక తొట్టి కాడికి రాండ్రి, సిగ్గుపడకుండ్రి. నేను ఆన్నే నిలబడి ఉంట.