కలలో వచ్చిందన్న కథ

ఆ రచయిత్రి జపాన్ మనిషి. మాయాలోకాల నవలలు రాసి పేరు తెచ్చుకుని, తర్వాత సినిమాలకు రాయసాగింది. ఒక తెలుగు చిత్రం కోసం మొయినాబాద్ ఫామ్‌హౌస్‌లో ఉన్నప్పుడు నేను ఆమెకు దుభాషిని. ఎవరేం చెప్పినా కళ్లు మూసుకుని, ఊపిరి కూడా వినిపించకుండా వినేది. ఆ వినడానికే మురిసిపోయి, ఒకరోజు చేవెళ్లలో మా అవ్వ దగ్గరికి తీసుకెళ్లాను.

చిన్నప్పుడు బావిలో పడి చనిపోయిన తన తమ్ముడు కొంగై వచ్చి తన టమాట చేలో వాలుతాడని అవ్వ చెప్పింది.

"గిది ఎవ్వరికి చెప్పకు బిడ్డా," అంది.

నేను జపనీస్‌లో చెప్పాను. రచయిత్రి అవ్వ చేతులు పట్టుకుని మాట ఇచ్చింది.

తీరా చూస్తే సినిమా అంతా ఆ కొంగ కథే. అది తనకు కలలో వచ్చిందని ఇంటర్వ్యూలో చెప్పింది. నాకు ఒళ్లు మండిపోయింది. ఫోన్‌లో అది అవ్వకు చూపించి, ఆ మాటలు తెలుగులో చెప్పాను.

అవ్వ ముఖం పాలిపోయింది. "గిన్నేండ్లు నా తాన ఉన్నోడు, ఇప్పుడు ఆమె కలలకు పోతున్నడా?"

"ఆమె అబద్ధం చెప్తున్నది అవ్వా."

"గంత మంచిగ విన్న మనిషి అబద్ధమెందుకు చెప్తది? వాడే నన్ను ఇడిసి పోయిండు."