ఆ ముగింపు నాదే

దయ్యాల అనుభవాలు చెప్పుకునేవాళ్ళంటే నాకు ఒళ్ళు మంట. మా చుట్టాల్లో ఎవరైనా మొదలుపెడితే లేచి బయటికి పోతాను. చివరికి నేనే ఇలాంటిదొకటి రాయాల్సి రావడం నా ఖర్మ.

నేను సినిమాలకు నేపథ్య సంగీతం చేస్తాను. కొవ్వూరులో మా మేడ మీది గదే నా స్టూడియో. మా పనిలో ఒక పాడు అలవాటుంది. సంగీతం ఇంకా పుట్టకముందే, ఎడిటింగ్‌లో ఏదో విదేశీ సినిమా సంగీతం తెచ్చి సీను కింద పెడతారు. దాన్ని రిఫరెన్స్ అంటారు. వినీ వినీ డైరెక్టర్ చెవిలో అదే నాటుకుపోతుంది. ఆఖర్న మనల్ని పిలిచి, అచ్చం ఇలాగే ఉండాలి, కానీ ఇది కాకూడదు అంటాడు.

మా డైరెక్టర్ శ్రీను పాలకొల్లు కుర్రాడు. అతను తెచ్చిన రిఫరెన్స్ ఎప్పుడో చనిపోయిన ఒక హంగరీ సంగీత దర్శకుడిది. పెళ్ళిళ్ళలో ఫిడేలు వాయించుకునే మనిషి సినిమాల్లోకి వచ్చి మంచి పేరు తెచ్చుకున్నాడట. తర్వాత అక్కడి సర్కారు పెద్దలకు ఆయన మీద కోపం వచ్చింది. అక్కణ్ణుంచి సంగీతం ఆయనది, తెర మీద పేరు ఇంకొకరిది. అలాగే చేసి చేసి పోయాడు.

"పాపం కదండీ గురూగారూ" అన్నాడు శ్రీను. జాలిపడుతూనే ఆయన ట్యూన్ లేపమంటున్నాడు! నాకు చిర్రెత్తుకొచ్చింది. అయినా చేశాను. ఈ పనిలో చేయనివాడెవడు?

ఆ రిఫరెన్స్ సగంలో తెగిపోయింది. ముగింపు నేనే కట్టాలి. ఒక మధ్యాహ్నం భోంచేసి కూర్చుంటే కాసేపట్లోనే వచ్చేసింది. వయొలిన్ కింది తీగను వదులు చేసి వాయించాలని కూడా రాశాను. నేను కీబోర్డు వాడిని, వయొలిన్ పట్టుకున్న పాపాన పోలేదు. అలాగే ఉండాలనిపించింది, అంతే. ఇన్నేళ్ళలో ఇదొక్కటీ పూర్తిగా నాదని గర్వపడ్డాను. మా ఆవిడకు వినిపిస్తే కళ్ళు తుడుచుకుంది.

వయొలిన్ల రికార్డింగ్ బుడాపెస్ట్‌లో పెట్టాం. ఇప్పుడు మనవాళ్ళు చాలామంది అక్కడే చేయిస్తున్నారు. మేం కొవ్వూరులోనే కూర్చుని వీడియో కాల్‌లో చూస్తున్నాం. స్వరాల కాగితాలు అప్పుడే స్టాండ్ల మీద పెట్టారు. మొదటి సగం బ్రహ్మాండంగా వచ్చింది. ముగింపు మొదలైందో లేదో, ముందు వరసలోని ముసలావిడ వయొలిన్ దించేసింది. కెమెరా ముందుకొచ్చి నా మీద విరుచుకుపడింది. తిట్లు అర్థం కావడానికి భాష రానక్కర్లేదు.

అక్కడి మేనేజరు ఇంగ్లీషులో చెప్పాడు. వయసులో ఉన్నప్పుడు ఆవిడ ఆ హంగరీ ఆయన దగ్గరే వాయించేదట. మా రిఫరెన్స్ ఆయన ఆఖరి సినిమాదే. దాని ముగింపును ఒక్కసారి రిహార్సల్ చేశారు, కింది తీగ వదులు చేసి. రికార్డు చేయనివ్వలేదు. దీని మీదైనా ఇంకొకడి పేరు పడకూడదని ఆయనే కాగితాలన్నీ పొయ్యిలో పడేశాడు. ఆ రిహార్సల్ గదిలో ఉన్నవాళ్ళలో ఇప్పటికి మిగిలింది ఆవిడొక్కతే. నాకిది ఎవరు అమ్మారని అడుగుతోంది.

నాకూ రోషం వచ్చింది. మిగతాది కాగితం చూడకుండా వాయించమనండి అన్నాను. ఆవిడ స్టాండుకు వీపు పెట్టి వాయించింది. నేను నా కాగితం మీద వేలు పెట్టుకుని చూస్తూ వచ్చాను. చివరి స్వరం దాకా ఎక్కడా తేడా లేదు. ఆపైన ఆవిడ వయొలిన్ పెట్టెలో పెట్టుకుని వెళ్ళిపోయింది. మిగిలినవాళ్ళూ ఆవిడ వెనకే లేచారు.

"ఎక్కడ లేపారో నాక్కూడా చెప్పలేదేంటండీ?" అన్నాడు శ్రీను. మా అమ్మ మీద ఒట్టేసినా నమ్మలేదు.

ముగింపు నేనే కీబోర్డు మీద వాయించి ఇచ్చాను. ఎందుకు మానాలి? నేను కట్టింది కదా! సినిమా వచ్చింది, తెర మీద నా పేరు పడింది. హాల్లోంచి బయటికొస్తూ మా ఆవిడ, "నిజం చెప్పండి, అది మీదేనా?" అంది.

నాదే అన్నాను.

మొదటి సగానికి నేను దొంగనే, ఎవరి ముందైనా ఒప్పుకుంటాను. రెండో సగం నాకెలా వచ్చిందో ఈ రోజుకీ అంతుపట్టలేదు. కానీ ఆ చచ్చిపోయిన మనిషి మీద నాకున్న కోపం ఇంతా అంతా కాదు. ఇప్పుడు ఏ ట్యూన్ సులువుగా వచ్చినా సంతోషం రావడం లేదు. ఇది ఎవరిదో అని చేతులు కీబోర్డు మీంచి తీసేస్తున్నాను.