నల్లగొండలో మరణ ధ్రువపత్రానికి ఇస్త్రీ

మా అన్న నూనె మిల్లులో ఇరవై రెండేళ్లు పనిచేసి చనిపోయాడు. అన్ని సంవత్సరాల పనికి రావలసిన గ్రాట్యుటీ ఇమ్మని వదిన ఆరు నెలలు తిరిగింది. యజమాని రేపు, మాపు అన్నాడు. ఇప్పుడు మిల్లే అమ్మేస్తున్నాడని తెలిసింది. అమ్మకం కాకముందే నల్లగొండ కార్మిక శాఖ కార్యాలయంలో దరఖాస్తు పడాలి. గ్రాట్యుటీ చట్టం మా దేవరకొండ గ్రంథాలయంలో రెండుసార్లు చదివినవాణ్ణి కనుక వెంట నేనే బయల్దేరాను.

ఉదయం ఏడుంబావుకు పల్లెవెలుగు. ఆడవాళ్లకు ఉచితం కనుక వదినకు జీరో టికెట్, నాకు ఎనభై రూపాయలు. కొండమల్లేపల్లిలో ఎక్కిన పెద్దాయనకు గ్రాట్యుటీ లెక్క విడమరిచి చెప్పాను. కనగల్ దాకా విని, "వకీలువా బిడ్డా?" అన్నాడు.

"కాదు, పాఠకుణ్ణి."

"బతికిన. ఫీజు అడుగుతవేమో అనుకున్న" అని దిగిపోయాడు.

నల్లగొండ బస్టాండు ఎదుట ఇడ్లీ ప్లేటు ముప్ఫై. చట్నీ మళ్లీ అడిగితే వేస్తారు. కార్యాలయంలో మా వంతు ఒంటిగంటకు వచ్చింది. గుమాస్తా కాగితాలన్నీ చూసి, మరణ ధ్రువపత్రం మీద ముద్ర కొట్టి, బొటనవేలితో రుద్దాడు. ముద్ర పోయింది. మళ్లీ కొట్టాడు, మళ్లీ పోయింది.

"దీనికి ల్యామినేషన్ ఎవరు చేయించిండ్రు?"

నేనే. అట్టలూడిన పుస్తకాలు ఎన్నో చూసి భద్రత విలువ తెలుసుకున్నవాణ్ణి.

"ముద్ర ఆగే కాగితం తేండ్రి. సారు మూడింటికి పోతరు, మళ్ల సోమవారమే."

వదిన నావైపు ఒక్క చూపు చూసి, "జర చాయ్ తాగొస్త" అని వెళ్లిపోయింది.

వేడికి జిగురు వదులుతుందని ఎక్కడో చదివాను. గేటు పక్కనే ఇస్త్రీ బండి. "అంగీలు చేసిన, చీరలు చేసిన. సచ్చినోళ్ల కాగితం ఎన్నడు చెయ్యలే" అంటూనే బండాయన పెట్టె ఆనించాడు. పొర లేచింది. దానితోపాటే అన్న పేరు, తేదీ, ఊరు లేచాయి. కాగితం మీద "పురుషుడు" ఒక్కటే మిగిలింది.

"మొగోడని అయితే రుజువైంది గదన్నా!" అని పది రూపాయలు తీసుకున్నాడు.

అంతలో వదిన వచ్చింది, చేతిలో కొత్త ధ్రువపత్రంతో. "సందు చివర మీసేవ ఉన్నది. సర్టిఫికెట్ నంబరు చెప్తె తీసిచ్చిండు, నలభై అయిదు."

"నంబరు నీకెట్ల తెలుసు?"

"ఆరు నెలల సంది పోయిన కాడల్లా చెప్తనే ఉంటి. నోటికొచ్చింది."

రెండుంబావుకు ముద్ర పడింది, ఆగింది. యజమానికి నోటీసు పోతుందని చెప్పి గుమాస్తా రసీదు ఇచ్చాడు.

నాలుగు గంటల బస్సులో వదినకు సీటు దొరికింది, నేను నిలబడ్డాను. ఈ దారిన వచ్చేవాళ్లకు ఖర్చు మూడు వందల లోపే. చట్టం తెలిస్తే మేలు, మీసేవ ఎక్కడుందో తెలిస్తే ఇంకా మేలు.

"రసీదు ఇటియ్యి వదినా, భద్రంగ పెడత" అన్నాను.

వదిన దాన్ని నాలుగు మడతలు పెట్టి రవికెలో దోపుకుంది. "నీ భద్రం సూసిన తియ్యి. పైన కమ్మి గట్టిగ పట్టుకో, పడతవు."